‘అమ్మా’ అన్నాడట

మా తమ్ముడి పాట దేశమంతటా మొదటి స్థానానికి చేరిన వారమే మా ఇంట్లో కిటికీ తెరలు తియ్యడం మానేశాం. రోటర్‌డామ్‌లో ఎండ కాసిందంటే జనం పనులు మానుకుని బాల్కనీల్లో కుర్చీలు వేసుకుంటారు. మేం ముగ్గురం, అమ్మా నేనూ జియాండ్రో, ఆ ఏడు ఎండనంతా తెరల అవతలే వదిలేసి పట్టపగలు లైటు వేసుకుని భోజనాలు చేశాం.

పాట పేరు ‘నీమాండ్ క్వామ్’. ఎవరూ రాలేదని అర్థం. కరీబియన్ దీవి కురసావో నుంచి వచ్చిన మా వాళ్ళ ఇళ్ళలో మాట్లాడుకునేది పాపియామెంటే అయినా, ఇక్కడ వీధుల్లో పెరిగిన పిల్లలకి కోపం వచ్చేది మాత్రం డచ్చి భాషలో. అందుకని జియాండ్రో ర్యాప్ కట్టేది కూడా డచ్చిలోనే. చిన్నప్పుడు ఆ నోటి దురుసుకే అమ్మ చేత తన్నులు తిన్నాడు. పంతొమ్మిదేళ్ళు వచ్చేసరికి అదే నోటితో ఊరంతటి చేతా చప్పట్లు కొట్టించుకున్నాడు. నాకు ర్యాప్ అంటే పెద్ద ఇష్టం లేదు. కానీ వాడి పాట మొదటిసారి రేడియోలో వచ్చినప్పుడు వంటింట్లో నేనూ గంతులు వేశాను, దాచుకోవడం ఎందుకు.

అందులో ఆ రెండు పంక్తులు లేకపోతే మేమూ బాల్కనీలో కూర్చునేవాళ్ళమే. ఆ ఫిబ్రవరిలో మాస్ నది అవతలి పేటలో, ట్రామ్ స్టాపు దగ్గర, గిల్మార్ అనే కుర్రాడిని కత్తితో పొడిచి చంపారు. గిల్మార్ కూడా మా కురసావో పిల్లవాడే. పొడిచినవాడు నది ఇవతల మా పేటవాడు. త్వరలోనే దొరికిపోయి జైలుకి వెళ్ళాడు. ఈ రెండు పేటల కుర్రాళ్ళ మధ్య పగ ఎందుకు మొదలైందో అడిగితే వాళ్ళకే తెలియదు. ఆ పగలోకి మావాడు పాట పట్టుకుని దిగాడు.

“‘అమ్మా’ అన్నావటగా గిల్మార్, అమ్మా రాలేదు, ఎవరూ రాలేదు.”

బళ్ళలో ఆ పాట పాడకూడదన్నారు. ఒక రేడియో వాళ్ళు పగలు వెయ్యబోమన్నారు, ఇంకో రేడియో వాళ్ళు అందుకోసమే పగలంతా వేశారు. టీవీలో పెద్దమనుషులు బల్ల చుట్టూ కూర్చుని ఇది కళా, నేరమా అని వాదించుకున్నారు. వాళ్ళు వాదించుకున్న కొద్దీ పాట పైకి పోయింది.

అమ్మ వృద్ధుల ఆశ్రమంలో వంట చేస్తుంది. ఒకరోజు పని నుంచి వచ్చి, సంచి కింద పెట్టకుండానే జియాండ్రో గది తలుపు తట్టింది.

“ఒరేయ్, ఆ పాటలో అమ్మా అనేదెవర్రా?”

“ఎవరో ఒకర్లే అమ్మా.”

“ట్రాములో నా పక్కన ఇంతుంది పిల్ల, పాలపళ్ళు కూడా ఊడలేదు, అది పాడుతోంది. ఎగురుతూ పాడుతోంది. పోతూ పోతూ తల్లిని పిలిచినవాడి మీదరా నీ ఎకసెక్కాలు? నిన్ను కన్నది అమ్మ కాదట్రా?”

“అదో స్టయిలమ్మా. అవతలి వాళ్ళు మనోళ్ళ మీద రాయట్లేదా? ఇట్టాగే రాస్తారు అందరూ.”

“నువ్వక్కడున్నావా?”

“లేనని ఎన్నిసార్లు చెప్పాలి!”

ఆ మాటకి సాక్ష్యం నేనే. నేను ఇంట్లోనే జడలు అల్లుతాను. నెత్తికి అంటిపెట్టుకునే సన్నటి జడలు, ఒక్క తలకి ఒక పూట పడుతుంది. తల అల్లించుకునేవాళ్ళు నా కాళ్ళ మధ్య పీట మీద కూర్చుంటారు, కదలడానికి ఉండదు. గిల్మార్ పోయిన సాయంత్రం ఆ పీట మీద కూర్చున్నది జియాండ్రోనే. నడినెత్తిన జడ సగంలో ఉండగా వాడి ఫోనుకి ఆ వార్త వచ్చింది.

“మరి అమ్మా అన్నాడని నీకెవరు చెప్పారు?” అంది అమ్మ.

“ఎవరూ చెప్పలా. రాస్తుంటే కుదిరింది. పెట్టేశా.”

అమ్మ చేతిలో సంచితోనే వంటింట్లోకి వెళ్ళిపోయింది. కొడుతుందేమోనని నేను ఎదురుచూశాను. కొట్టి ఉంటే మా అందరికీ కొంచెం తేలికగా ఉండేది.

మా పేటల్లో కుర్రాడెవడైనా కత్తికి బలైతే, పడిపోయిన చోట ఫుట్‌పాత్ మీద వాడి ఫొటో పెట్టి, గాజు గ్లాసుల్లో ఎర్ర కొవ్వొత్తులు వెలిగిస్తారు. ఫొటో కింద పుట్టిన సంవత్సరం, పోయిన సంవత్సరం రాస్తారు. జూన్‌లో ఒక పొద్దున అమ్మ పనికని మెట్లు దిగి వెంటనే మళ్ళీ పైకి వచ్చింది. ఆమె ముఖాన నెత్తురుచుక్క లేదు. ఏమైందని అడిగితే చెప్పకుండా నా చెయ్యి పట్టుకుని కిందికి లాక్కెళ్ళింది.

మా బిల్డింగు గుమ్మం పక్కన జియాండ్రో ఫొటో గోడకు ఆనించి ఉంది. ముందు కొవ్వొత్తి వెలుగుతోంది. ఫొటో కింద వాడు పుట్టిన సంవత్సరం, ఒక గీత, ఆ తర్వాత ఈ సంవత్సరం.

నా పై ప్రాణాలు పైనే పోయాయి. అమ్మ కొవ్వొత్తి ఆర్పడానికి వంగి, ఆర్పకుండా అలాగే ఉండిపోయింది. “ఆర్పితే ఏమవుతుందో, ఉంచితే ఏమవుతుందో” అని గొణుక్కుంది. చివరికి నేనే ఊదాను. పోలీసులు వచ్చి ఫొటో తీసుకెళ్ళారు, జాగ్రత్తగా ఉండమన్నారు. జాగ్రత్త అంటే ఏం చెయ్యాలో మాత్రం చెప్పలేదు. మాకు తోచిన జాగ్రత్త మేం చేశాం. తలుపుకి ఇంకో గడియ పెట్టించాం, కాలింగ్ బెల్ మోగితే టీవీ గొంతు తగ్గించి ఊపిరి బిగబట్టాం.

పాట విడుదల చేసిన కంపెనీ తరఫున మార్నిక్స్ అనే డచ్చాయన వచ్చాడు. తిట్టడానికి పిలిపించినా సరే, ఇంటికి వచ్చిన మనిషి కాబట్టి అమ్మ ముందు మాంసం కూరిన పస్తేచీలు వేయించి పెట్టింది. అతను ఒకటి తినేదాకా ఆగి అప్పుడు మొదలుపెట్టింది.

“వీడు రేడియోలో చెప్పాలి. నేనక్కడ లేను, అది నా బుర్రలో పుట్టిన మాట, తప్పయిపోయింది అని చెప్పాలి. నువ్వే చెప్పించాలి.”

“మేడమ్, నాకర్థమైంది. కానీ ఇప్పుడు జనానికి కావలసింది ఒక్కటే. కుర్రాడు నిజంగా అక్కడున్నాడా, లేడా? అది తేలనంతకాలం పాట బతుకుతుంది.”

“పాట బతుకుతుంది సరే. మరి వీడో?”

మార్నిక్స్ రెండో పస్తేచీ తీసుకుని, చాలా రుచిగా ఉందన్నాడు. జియాండ్రో కిటికీ తెర చివర వేలితో మెలిపెడుతూ కూర్చున్నాడు. వాడికీ భయంగానే ఉంది. కానీ అబద్ధం రాశానని లోకం ముందు ఒప్పుకోవడం అంతకన్నా భయం. ర్యాప్ కట్టే కుర్రాళ్ళలో అబద్ధాలు రాసేవాడికి విలువ లేదు. చంపేసినవాడికి ఉన్నంత కూడా లేదు. వాళ్ళ లెక్కలు వాళ్ళవి.

జూలైలో కార్నివాల్ వచ్చింది. ఊరేగింపులో ఒక లారీ మీద నిలబడి జియాండ్రో పాడాలని ముందెప్పుడో ఒప్పుకున్నాడు. అమ్మ వాడి బూట్లు దాచిపెట్టి పనికి పోయింది. నవ్వొచ్చింది గానీ నవ్వలేదు. లారీ వాడు లేకుండానే వెళ్ళింది. మర్నాడు వాడికి పన్ను నొప్పి తట్టుకోలేనంత అయితే, తలకి టోపీ పెట్టించి డాక్టరు దగ్గరికి నేనే తీసుకుని బయల్దేరాను.

మెట్రోలో మా ఎదురు సీట్లో ఒకడు వచ్చి కూర్చున్నాడు. పొడుగ్గా, బక్కగా ఉన్నాడు. చొక్కా మీద గిల్మార్ ఫొటో అచ్చు వేయించుకున్నాడు. అతను రుడ్సెల్. గిల్మార్‌కి ప్రాణస్నేహితుడు. ఫోన్లలో వీడియోలు పెట్టి, మావాడిని పేరు పెట్టి రమ్మని పిలిచేది అతనే. నేను జియాండ్రో మోకాలు పట్టుకున్నాను.

రుడ్సెల్ మావాడి వంక చూడనే లేదు. నన్ను చూశాడు.

“వీడి తల నువ్వేగా అల్లేది?”

తల ఊపాను.

“బాగా అల్లుతావు” అన్నాడు. “ఎందుకులే ఇంత కష్టపడి.”

తర్వాతి స్టేషన్లో దిగిపోయాడు. జియాండ్రో పన్ను నొప్పి సంగతే మర్చిపోయాడు. ఇంటికొచ్చి అమ్మ ఎదురుగా కూర్చుని, “చెప్తాను. రేడియోలో చెప్పేస్తాను” అన్నాడు. మార్నిక్స్‌కి ఇష్టం లేకపోయినా శుక్రవారం ఒక కార్యక్రమంలో మాట్లాడడానికి ఏర్పాటు చేశాడు. నేనక్కడ లేను, అది నేను కల్పించిన మాట, వాళ్ళ అమ్మగారు నన్ను క్షమించాలి. ఈ మూడు ముక్కలూ అమ్మ వాడి చేత వంటింట్లో మళ్ళీ మళ్ళీ చెప్పించింది. వాడు నీళ్ళు నమిలినప్పుడల్లా గరిటె చూపించింది. చాలా రోజుల తర్వాత ఆ పూట మేం కాస్త నవ్వుకున్నాం.

ఆ శుక్రవారం ఇంకా రాకముందే, ఒక పొద్దున, జడలు అల్లించుకోవడానికి ఒకావిడ వచ్చింది. ఎవరో చెబితే వచ్చానంది. పొట్టి మనిషి, అమ్మకన్నా చిన్నది, హోటల్లో దుప్పట్లు ఉతికేవాళ్ళ యూనిఫాంలో ఉంది. నన్ను వెతుక్కుని వచ్చేవాళ్ళందరూ అలా ఎవరో చెబితే వచ్చేవాళ్ళే కాబట్టి పేరు అడగలేదు. వంటింట్లో పీట మీద కూర్చోబెట్టి పాయలు తీశాను. మెత్తటి జుట్టు, కణతల దగ్గర పూర్తిగా నెరిసిపోయింది.

తల ఒక పక్క అల్లడం పూర్తయ్యాక అడిగింది.

“మీ తమ్ముడు ఇంట్లోనే ఉన్నాడామ్మా?”

నా వేళ్ళు ఆగిపోయాయి.

“భయపడకు. గిల్మార్ నా కొడుకు. నా పేరు లుద్వినా.”

పాయలు తీసే దువ్వెనకి సూది లాంటి కొన ఉంటుంది. అది ఆవిడ చేతికి అందేంత దూరంలో, స్టూలు మీద ఉంది. నేను చప్పుడు చెయ్యకుండా దాన్ని వెనక్కి జరిపాను.

“తియ్యక్కర్లేదులే” అంది ఆవిడ, వెనక్కి తిరగకుండానే. “దాన్ని నేనేం చేసుకుంటాను?”

నేను సిగ్గుతో చచ్చిపోయాను. అయినా భయం పోలేదు. తలుపు బయట ఎవరినైనా తీసుకొచ్చిందేమో, గడియ వేశానో లేదో అని అటే చూస్తున్నాను. సరిగ్గా అప్పుడే జియాండ్రో రాత్రి తాగేసిన ఖాళీ పాల గిన్నె చేత్తో పట్టుకుని, కాళ్ళకి చెప్పులు కూడా లేకుండా వంటింట్లోకి వచ్చాడు. వాడికి అప్పుడే తెల్లవారింది.

“నువ్వేనా బాబూ?” అంది లుద్వినా.

“ఈవిడ గిల్మార్ వాళ్ళమ్మగారు” అన్నాను.

వాడు గిన్నె కింద పెట్టాలన్న సంగతి కూడా మర్చిపోయి గుమ్మంలోనే నిలబడిపోయాడు.

“తిట్టడానికి రాలేదు నాయనా. నాకొక్కటి తెలియాలి. నేనీ దేశం వచ్చినప్పుడు వాడికి రెండేళ్ళు. మనవాళ్ళందరూ చేసినట్టే నేనూ చేశా. కురసావోలో మా అమ్మ దగ్గర వదిలేసొచ్చా. ఇల్లు దొరికి వాణ్ణి తెచ్చుకునేసరికి బళ్ళో పెద్ద క్లాసుకొచ్చాడు. అప్పటికే వాడికి అమ్మంటే మా అమ్మే. నన్ను పేరు పెట్టి పిలిచేవాడు. లుద్వినా, ఆకలేస్తోంది. లుద్వినా, నా బూట్లేవి. నేనేమీ అనేదాన్ని కాదు. ఎప్పటికైనా పిలుస్తాడులే, తొందరేముందిలే అనుకునేదాన్ని.”

నేను జుట్టు పాయలు మూడూ చేతిలో పట్టుకుని అలాగే ఉన్నాను.

“పాట విన్నప్పట్నించీ నాకు నిద్ర లేదు. అమ్మా అన్నాడన్నావు. నిజమేనా? మా అమ్మ పోయి మూడేళ్ళయింది. వాడు పిలిచింది ఆవిణ్ణా, నన్నా?”

మూడు ముక్కలు. నేనక్కడ లేను, అది నేను కల్పించిన మాట, నన్ను క్షమించండి. వాడికి నోటికి వచ్చు. వంటింట్లో అదే చోట నిలబడి నేర్చుకున్నాడు. చెప్పరా, అని లోపల్లోపలే అరుస్తున్నాను. శుక్రవారం దాకా ఎందుకు, ఇక్కడే చెప్పెయ్, ఈవిడ వెళ్ళి వాళ్ళందరికీ చెబుతుంది, మనం ఈ తెరలు తీసేసుకుంటాం.

జియాండ్రో ఆవిడ మొహం చూస్తున్నాడు. నాకు వెనక నుంచి ఆవిడ తల మాత్రమే కనిపిస్తోంది.

“మిమ్మల్నేనండి” అన్నాడు.

ఆవిడ ముందుకి వంగింది.

“ముందు అమ్మా అన్నాడు. తర్వాత మీ పేరన్నాడు. లుద్వినా అని.”

లుద్వినా రెండు చేతులతో నా మోకాళ్ళు గట్టిగా పట్టుకుంది. ఏడుపు చప్పుడు రాలేదు. నా వేళ్ళ కింద తల మాత్రం అదురుతోంది. తర్వాత అడిగింది.

“మరి నువ్వు దగ్గరికి ఎందుకెళ్ళలేదు నాయనా?”

“భయమేసింది.”

“అవున్లే” అంది. “పిల్లలేగా మీరంతా.” యూనిఫాం అంచుతో ముఖం తుడుచుకుని, నాతో, “కానివ్వమ్మా, రెండో పక్క అల్లు” అంది.

అల్లాను. ఎలా అల్లానో నాకు తెలియదు.

ఆవిడ మెట్లు దిగిన చప్పుడు ఆగేదాకా ఆగి జియాండ్రో మీద పడ్డాను.

“నీకు బుద్ధుందట్రా? ఆ సాయంత్రం ఇదే పీట మీద, నా కాళ్ళ మధ్యన కూర్చుని ఉన్నావురా నువ్వు!”

“తెలుసక్కా.”

“ఇప్పటిదాకా పాట రాసినవాడివి మాత్రమే. ఇప్పుడు దగ్గరుండి చావు చూసినవాడివయ్యావు. పక్కనే ఉన్నాడు, చెయ్యి అందించలేదు అంటారు. రుడ్సెల్ ఊరుకుంటాడా? ఆవిడ ఎవరికీ చెప్పకుండా కడుపులో దాచుకుంటుందనుకున్నావా?”

“దాచుకోదు. అందరికీ చెప్పుకుంటుంది.”

“తెలిసే అన్నావా?”

“నువ్వు ఆవిడ వెనక కూర్చున్నావక్కా” అన్నాడు. “మొహం నువ్వు చూళ్ళేదు.”

సాయంత్రం సంగతంతా విని అమ్మ వాడి చెంప పగలగొట్టింది. కొట్టిన చేత్తోనే వాణ్ణి దగ్గరకు లాక్కుని ఏడ్చింది. కురసావోకి, మా పెద్దమ్మ దగ్గరికి పంపించేస్తానంది. వాడు వినలేదు. “పారిపోతే అబద్ధమని ఆవిడకి తెలిసిపోద్దమ్మా” అన్నాడు. శుక్రవారం రేడియోకి వెళ్ళలేదు. మార్నిక్స్ మాత్రం ఫోన్లో చాలా సంతోషించాడు. మంచి నిర్ణయం అన్నాడు.

ఆగస్టంతా నాకు ఎలా గడిచిందో చెప్పలేను. వీధిలో స్కూటర్ ఆగితే గుండె ఆగేది. అల్లించుకోవడానికి వచ్చినవాళ్ళ సంచులు చూశాకే లోపలికి రానిచ్చేదాన్ని. అమ్మ నిద్రలో కూడా వాడి పేరు పిలిచేది. అవతలి పేట నుంచి ఒక్క వీడియో రాలేదు, ఒక్క బెదిరింపు రాలేదు. ఆ నిశ్శబ్దం నాకు అసలు నచ్చలేదు.

నెలాఖరు ఆదివారం గిల్మార్ పుట్టినరోజు. చర్చిలో పూజ చేయిస్తున్నాను, జియాండ్రో తప్పకుండా రావాలి అని లుద్వినా ఫోన్ చేసింది. వెళ్ళకుండా ఉండడానికి మాకు కారణం దొరకలేదు. అమ్మ నల్లగౌను వేసుకుంది. జియాండ్రో తెల్లచొక్కా వేసుకున్నాడు. వాణ్ణి మా ఇద్దరి మధ్య కూర్చోబెట్టుకున్నాం, చర్చి మధ్యలో, తలుపుకి మరీ దూరం కాకుండా.

గిల్మార్ ఫొటో చొక్కాలు వేసుకున్న కుర్రాళ్ళు మా వెనకే కూర్చున్నారు. రుడ్సెల్ ఎక్కడున్నాడో తిరిగి చూడాల్సిన అవసరం లేకపోయింది. అతని చూపు నా మెడ మీద తెలుస్తూనే ఉంది.

ప్రార్థనల మధ్యలో లుద్వినా లేచి మైకు దగ్గరికి వెళ్ళింది. నేను అల్లిన జడలు ఇంకా చెదరలేదు. పాపియామెంటులో, పక్కింటివాళ్ళతో మాట్లాడినట్టు మాట్లాడింది.

“నా కొడుకు ఒంటరిగా పోయాడని ఇన్నాళ్ళూ కుమిలిపోయా. కానీ వాడు పోయే ముందు నన్ను పిలిచాడు. అమ్మా, లుద్వినా, అని పిలిచాడు. విన్న పిల్లవాడు ఇక్కడే ఉన్నాడు. వాడి మీద ఎవరూ కోపం పెట్టుకోకండి. నాకు లేదు.”

తలలన్నీ మా వైపు తిరిగాయి. అమ్మ గోళ్ళు జియాండ్రో చేతిలోకి దిగిపోయాయి. అయిపోయింది అనుకున్నాను. చర్చి లోపల ఏమీ చెయ్యరు, గుమ్మం దాటాక చేస్తారు. మెట్లు ఎన్నున్నాయో, ట్రామ్ ఎంత దూరమో గుర్తు తెచ్చుకుంటున్నాను. ఫాదర్ ఏం చదివారో ఒక్క ముక్క వినలేదు.

తర్వాత ఫాదర్ అందరినీ ఒకరికొకరు శాంతి చెప్పుకోమన్నారు. బెంచీలు కిర్రుమన్నాయి. జనం లేచి పక్కవాళ్ళ చేతులు పట్టుకుంటున్నారు, కౌగిలించుకుంటున్నారు. ఆ సందడిలో రుడ్సెల్ వరస దాటి మా దగ్గరికి వచ్చాడు. కుడిచెయ్యి జేబులో ఉంది. నేను జియాండ్రోకి అడ్డంగా జరిగాను. ఏం చేద్దామనుకున్నానో నాకే తెలియదు, కాళ్ళు వాటంతటవే జరిగాయి.

చెయ్యి జేబులోంచి బయటకి వచ్చింది. ఖాళీ చెయ్యి. నా భుజం మీదుగా చాపాడు. జియాండ్రో అందుకున్నాడు. రుడ్సెల్ వదల్లేదు. మా ఇద్దరికి మాత్రమే వినపడేంత మెల్లగా మాట్లాడాడు.

“ఆ రోజు నువ్వక్కడ లేవు. నేనున్నా. వాడి తల నా ఒళ్ళోనే ఉంది. పోలీసు కార్ల చప్పుడు విని వదిలేసి పారిపోయా. ఇంతవరకూ ఎవరికీ చెప్పుకోలా.”

జియాండ్రో అడిగాడు. “మరి వాడు... ఏమన్నా అన్నాడా?”

“ఏమీ అనలేదు. ఒక్క మాట కూడా.”

ముందు వరసల్లో లుద్వినా కనిపించినవాళ్ళందరినీ కౌగిలించుకుంటూ మా వైపే వస్తోంది. రుడ్సెల్ అటు చూసి, మావాడి చేతిని ఇంకా గట్టిగా పట్టుకున్నాడు.

“ఆవిడకి మాత్రం చెప్పకు” అన్నాడు. “ఎప్పుడూ చెప్పకు.”